అనృణి, అప్రవాసి: గృహఋణం అడిగే అసలు మూల్యం

మహాభారతం అరణ్యపర్వంలోని యక్షప్రశ్నలలో 'సుఖి ఎవరు?' అన్న ప్రశ్నకు ధర్మరాజు చెప్పిన సమాధానం లోకప్రసిద్ధం. ఎన్నాళ్ళకైనా సరే తన ఇంట్లో ఇంత కూరాకు వండుకొని తినేవాడు, అప్పు లేనివాడు, పరదేశవాసం లేనివాడు సుఖి అన్నాడాయన. ప్రవచనసభల్లో ఈ మాట వినగానే శ్రోతలందరూ తలలూపుతారు. ఆ సమాధానంలో మూడు అంగాలున్నాయి: స్వగృహం, అనృణత్వం, అప్రవాసం. ధర్మరాజు మూడింటినీ కలిపి చెప్పాడు. నేడు శ్రీకాకుళం, విజయనగరం మండలాల గృహస్థులలో అధికసంఖ్యాకులు మొదటిదాన్ని కొనడానికి మిగిలిన రెంటినీ అమ్ముకుంటున్నారు. పైగా ఆ విక్రయానికి ముహూర్తం పెట్టించి, గృహప్రవేశ శుభలేఖలు పంచుతున్నారు.

రాజాం, బొబ్బిలి, చీపురుపల్లి, టెక్కలి, పలాస పరిసరాలలో ఏ వీధిలోనైనా సంక్రాంతి వెళ్ళిన మరుసటి వారం నడిస్తే ఈ విషయం ప్రత్యక్షమవుతుంది. రెండంతస్తుల కొత్త భవనం, సింహద్వారానికి వాడిన మామిడి తోరణం, గేటుకు తాళం. యజమాని హైదరాబాదులోనో, చెన్నైలోనో, గల్ఫులోనో, సైనిక స్థావరంలోనో ఉంటాడు. వృద్ధులైన తల్లిదండ్రులు పాత పెంకుటింట్లోనే ఉండి, వారానికొకసారి వచ్చి కొత్తింటి ముంగిట కళ్ళాపి చల్లి వెళతారు. వలస ఈ ప్రాంతానికి కొత్త కాదు. తీరగ్రామాల మత్స్యకారులు గుజరాతులోని వేరావల్ దాకా వెళ్ళి పడవలెక్కడం చాలాకాలంగా ఉన్నదే. ఆ ప్రవాసానికి కారణం దారిద్ర్యం. దాన్ని ఎవరూ సుఖమని భ్రమపడలేదు. ఇప్పటి ప్రవాసం మరొక జాతికి చెందింది. ఊరికి తిరిగి రావాలన్న కాంక్షతో ఇల్లు కట్టుకున్నవాడు, ఆ ఇల్లు కట్టుకున్నందువల్లనే ఊరికి తిరిగి రాలేకపోతున్నాడు. వాయిదా చెల్లించాలంటే హైదరాబాదు జీతమే ఉండాలి. విజయనగరం జీతం చాలదు.

ఈ బంధం ఎంత దృఢమైనదో గణితం చూస్తేగాని తెలియదు. ఋణపత్రం మీద సంతకం చేసేవాళ్ళలో ఆ గణితాన్ని స్వయంగా వేసుకొనేవాళ్ళు అరుదు.

25 లక్షల ఋణం, 8.5 శాతం వడ్డీ, 20 సంవత్సరాల గడువు అనుకుంటే నెలవాయిదా 21,696 రూపాయలు. 240 నెలలలో చెల్లించే మొత్తం సుమారు 52 లక్షల 7 వేలు. అంటే అసలు 25 లక్షలు, వడ్డీ 27 లక్షల పైచిలుకు. ఇంతవరకు చాలామంది లెక్కపెడతారు. లోపలి లెక్క ఇంకా కఠోరం. మొదటి నెల చెల్లించిన 21,696లో వడ్డీకి పోయేది 17,708. అసలులో తరిగేది 3,988. ఐదేళ్ళ పాటు ఒక్క నెల తప్పకుండా 13 లక్షలు చెల్లించాక పుస్తకం తెరిచి చూస్తే, అసలులో తరిగింది 3 లక్షలకు లోపే. పదేళ్ళు పూర్తయ్యాక, అంటే సగం గడువు గడిచాక, ఇంకా 17 లక్షల 50 వేలు బాకీ. అసలు సగానికి దిగేసరికి దాదాపు పద్నాలుగో సంవత్సరం ముగుస్తుంది. ముప్పైయేళ్ళ వయస్సులో గృహప్రవేశం చేసినవాడికి నలభైనాలుగేళ్ళు వస్తాయి. ఆనాటికి కుమార్తె కళాశాలలో ఉంటుంది. పెంకుటింట్లో ఉన్న తండ్రి ఉంటాడో లేదో.

'వాయిదా భారమైతే గడువు ముప్పైయేళ్ళకు పెంచుకోండి' అన్న సలహా దయగా కనిపిస్తుంది. అదే ఋణానికి అప్పుడు వాయిదా 19,223కు దిగుతుంది. నెలకు 2,473 రూపాయల ఉపశమనం. ఆ ఉపశమనానికి చెల్లించే మూల్యం అదనంగా 17 లక్షల పైన. మొత్తం చెల్లింపు 69 లక్షల 20 వేలకు చేరుతుంది. నెలనెలా ఒక కుటుంబపు పాలఖర్చంత మొత్తం మిగిలిందని సంతోషించినవాడు, వార్ధక్యంలో పదేళ్ళ ఆయుస్సును దానికి బదులుగా రాసి ఇచ్చాడు.

ఇక్కడ ధర్మశాస్త్రాన్ని సంప్రదించడం అవసరం. సంప్రదిస్తే మొదట కొంత ఆశ్చర్యం కలుగుతుంది. ఎందుకంటే వడ్డీ రేటు విషయంలో స్మృతికారులు నేటి బ్యాంకు కంటె ఉదారులు కారు. మనుస్మృతి ఎనిమిదవ అధ్యాయం వసిష్ఠుడు విధించిన వృద్ధిని పేర్కొంటుంది: నెలకు నూటిలో ఎనభయ్యవ భాగం. అంటే నూటికి నెలకు రూపాయిపావలా, సంవత్సరానికి 15 శాతం. కౌటిల్యుడి అర్థశాస్త్రంలోనూ ధర్మ్యమైన వృద్ధి నెలకు నూటికి పణంపావే. 8.5 శాతం దానితో పోలిస్తే తక్కువే. కాబట్టి 'బ్యాంకులు అధర్మ వడ్డీ తీసుకుంటున్నాయి' అని ఊరకే కేకలు వేసేవారికి శాస్త్రం తోడు రాదు. దోషం రేటులో లేదు, కాలంలో ఉంది. స్మృతి కాలానికి కట్ట కట్టింది. ఒక్కసారిగా వసూలు చేసే వృద్ధి అసలుతో కలిసి ద్విగుణాన్ని మించరాదన్నది మనువు నియమం. వసిష్ఠుడి రేటున వడ్డీ అసలంత కావడానికి సరిగ్గా 80 నెలలు పడుతుంది. ఆ తరువాత ధనికుడు ఎంతకాలం వేచి ఉన్నా ఇంకొక్క కాసు పెరగదు. అక్కడ 80 నెలలకు ఆగిన చక్రం నేటి ఋణపత్రంలో 240 నెలలు, 360 నెలలు తిరుగుతోంది.

పండితులు ఇక్కడ ఒక ఆక్షేపణ తెస్తారు. అది న్యాయమైనదే. మనువు 'సకృత్' అన్న పదం వాడాడు. ఒకేసారి తీసుకొనే వృద్ధికే ఆ పరిమితి. నెలనెలా చెల్లించే వడ్డీకి వర్తించదని వ్యాఖ్యాతలు నిర్ణయించారు. ఆ వ్యాఖ్యానం ప్రకారం నెలవాయిదా ద్వైగుణ్యనియమం కన్నుగప్పి తప్పించుకుంటుంది. కాని తాకట్టు ప్రసంగంలో శాస్త్రం మరొక అడుగు ముందుకు వేసింది. యాజ్ఞవల్క్యస్మృతి ఋణాదాన ప్రకరణంలో, ఆధిగా పెట్టిన వస్తువు ఫలం ద్వారా ధనికుడికి ద్విగుణధనం చేరినప్పుడు ఆ ఆధిని విడిచిపెట్టాలన్న విధి కనిపిస్తుంది. ఇక్కడ ఒకేసారి చేరిందా, కొద్దికొద్దిగా చేరిందా అన్న విచారణ లేదు. చేరినదంతా లెక్కకు వస్తుంది. ఇల్లు తాకట్టు పెట్టి తీసుకొనే ఋణానికి సమీపమైన న్యాయం ఇది. దీన్ని పై ఉదాహరణకు అన్వయిస్తే, ఇరవైయేళ్ళ ఋణగ్రస్తుడు 231వ నెలలో, అంటే గడువు తీరడానికి తొమ్మిది నెలల ముందు, ద్విగుణం దాటుతాడు. అతడి విషయంలో అతిక్రమణ స్వల్పం. ముప్పైయేళ్ళ ఋణగ్రస్తుడు 261వ నెలలో ద్విగుణం దాటుతాడు. ఆనాడు కూడా అతడు ఇంకా 13 లక్షల 60 వేలకు పైగా బాకీ ఉంటాడు. 25 లక్షలు తీసుకున్నాడు, 50 లక్షలు ఇచ్చాడు, ఇంకా 99 వాయిదాలు మిగిలాయి. శాస్త్రం విమోచనం చెప్పిన చోట నుంచి ఎనిమిది సంవత్సరాల మూడు నెలల దాస్యం మిగిలి ఉంది.

ఇదంతా పాతకాలపు పుక్కిటి పురాణం, ఆధునిక రాజ్యంలో చెల్లదు అనేవారు ఈ ప్రాంత చరిత్రను మరచిపోయారు. బొంబాయి, కలకత్తా న్యాయస్థానాలు ఆంగ్లేయుల కాలంలోనూ ద్వైగుణ్యనియమాన్ని 'దామ్‌దుపట్' పేరుతో గుర్తించాయి. మద్రాసు రాజధానిలో, అంటే నేటి శ్రీకాకుళం, విజయనగరం మండలాలు ఉన్న పాలనలో, దాన్ని అమలు చేయలేదు. ఆ కొరతను కొంతవరకు తీర్చింది శాసనసభ. 1937 ఎన్నికలలో బొబ్బిలి స్థానంలో సాక్షాత్తు బొబ్బిలి రాజావారిని వి.వి. గిరి ఓడించారు. రాజగోపాలాచారి మంత్రివర్గం ఏర్పడింది. టంగుటూరి ప్రకాశం రెవెన్యూ మంత్రి. ఆ ప్రభుత్వం 1938లో మద్రాసు వ్యవసాయదారుల ఋణవిమోచన చట్టం తెచ్చింది. పాత ఋణాల విషయంలో రైతు అసలు రూపేణ గాని, వడ్డీ రూపేణ గాని, రెండూ కలిపి గాని అసలుకు రెట్టింపు చెల్లించి ఉంటే ఆ ఋణం పూర్తిగా తీరినట్టే భావించాలని అందులో స్పష్టంగా రాశారు. 'సకృత్' పదం వదిలిన సందును ఆ చట్టం మూసింది. స్మృతికారుల సంకల్పం ఇరవయ్యవ శతాబ్దపు శాసనంగా ఈ నేల మీదనే అమలైంది. అది రైతులకు మాత్రమే పరిమితమన్నది నిజం. ఆ రైతుల మనుమలు, మునిమనుమలే నేడు గృహఋణపత్రాల మీద సంతకాలు చేస్తున్నారన్నదీ నిజమే.

వడ్డీ స్థిరంగా ఉంటుందనుకొని వేసిన లెక్క ఇంతవరకు చూసినది. వాస్తవంలో గృహఋణాలు చాలావరకు ఫ్లోటింగ్ రేటువి. 2019 అక్టోబరు నుంచి బ్యాంకులు ఇచ్చే కొత్త ఫ్లోటింగ్ గృహఋణాలను బాహ్యప్రమాణానికి, ఎక్కువగా రిజర్వు బ్యాంకు రెపో రేటుకు, ముడిపెట్టారు. 2022 మే నుంచి 2023 ఫిబ్రవరి లోపల ఆ రెపో రేటు 4 శాతం నుంచి 6.5 శాతానికి పెరిగింది. 6.75 శాతానికి 20 ఏళ్ళ గడువుతో 25 లక్షలు తీసుకున్నవాడి వాయిదా 19,009. రేటు 9.25కు చేరితే, 25 లక్షల మీద ఒక నెల వడ్డీయే 19,271. పెరుగుదలకు కొద్దిగా ముందు ఋణం తీసుకొని పాత వాయిదానే చెల్లిస్తూ ఉన్నవాడి స్థితి ఊహించవచ్చు: చెల్లించినదంతా వడ్డీయే మింగేస్తుంది, అసలు కదలదు. చాలామందికి వాయిదా పెరగలేదు. అందుచేత ఏమీ జరగలేదనుకున్నారు. పెరిగింది గడువు. శ్రీకూర్మం ఆలయస్తంభాల మీద గాంగరాజుల కాలపు దాతలు అఖండదీపాలకు చేసిన దానాల శాసనాలు నేటికీ ఉన్నాయి. ఆరకుండా వెలగడం దేవుడి ముందు దీపానికి శోభ. ఋణానికి శోభ కాదు.

చివరికి 2023 ఆగస్టు 18న రిజర్వు బ్యాంకు ఆదేశం ఇవ్వవలసి వచ్చింది. రేటు మారినప్పుడు ఋణగ్రస్తుడికి చెప్పాలి. వాయిదా పెంచుకోవడమా, గడువు పెంచుకోవడమా అతడే ఎన్నుకొనేటట్లు చూడాలి. స్థిరమైన రేటుకు మారే అవకాశం చూపాలని కూడా ఆ ఆదేశం అప్పట్లో చెప్పింది. గడువు పొడిగింపు వల్ల వాయిదా నెలవడ్డీకి కూడా చాలని దుస్థితి రాకూడదు. మూడు నెలలకొకసారి అసలెంత, వడ్డీ ఎంత, మిగిలిన వాయిదాలెన్నో తెలియజేయాలి. 2024 అక్టోబరు నుంచి ఋణం ఇచ్చే ముందే రుసుములన్నీ కలిపిన వార్షిక వ్యయశాతంతో ముఖ్యాంశాల పత్రం చేతికివ్వాలి. ఇవి మంచి నియమాలే. కాని వీటిలో కొత్తదేమీ లేదు. ఋణికుడు చెల్లించినప్పుడల్లా ఆ మొత్తాన్ని పత్రం వెనుక రాయాలని, లేదా ధనికుడు స్వహస్తంతో రసీదు ఇవ్వాలని యాజ్ఞవల్క్యుడు చెప్పాడు. పల్లెలో ప్రోనోటు వెనుక చెల్లు వేయడం ఆ సంప్రదాయమే. అక్షరం రాని రైతు కూడా నోటు తిప్పి చెల్లు చూపించమని షావుకారును అడిగేవాడు. ఇంజనీరింగు పట్టభద్రుడైన అతడి మనుమడు బ్యాంకు పంపిన మూడు నెలల పట్టికను తెరవకుండానే తొలగిస్తున్నాడు. షావుకారును అనుమానించిన బుద్ధి బ్యాంకు ముందుకు వచ్చేసరికి ఏమైపోయిందో అంతుపట్టదు.

దీనికి బాధ్యత బ్యాంకుది ఒక్కదానిదే అనడం అన్యాయం. ఋణానికి ముందు ఇంట్లో జరిగే సంభాషణ ఒకసారి గుర్తు చేసుకోవాలి. "అద్దె కట్టిన డబ్బు బూడిదలో పోసిన పన్నీరురా. అదేదో వాయిదా కడితే ఇల్లు మనదవుతుంది" అంటాడు మేనమామ. "సొంతిల్లు లేదంటే సంబంధాలు రావు బాబూ" అంటుంది పెద్దమ్మ. మేనమామ వాదంలో కొంత సత్యముంది. కాలం గడిచేకొద్దీ రూపాయి తేలికవుతుంది. ఇరవయ్యవ ఏట చెల్లించే 21,696 నేటి 21,696 కాదు. సొంత ఇంట్లో కాపురముంటే అద్దె మిగులుతుంది. ఇవి లెక్కలోకి రావలసినవే. కాని ఆ వాదం యథార్థం కావాలంటే ఋణగ్రస్తుడు ఆ ఇంట్లో ఉండాలి. హైదరాబాదులో అద్దె, ఊళ్ళో వాయిదా, రెండూ చెల్లించేవాడి విషయంలో మేనమామ చెప్పిన సూత్రం తలక్రిందులవుతుంది. పోనీ అద్దెకిస్తే? ఆ ఇంటికి నెలకు పదివేలు వస్తుందనుకున్నా మొదటి సంవత్సరాల వడ్డీలో సగం పైచిలుకు మాత్రమే గడుస్తుంది. దాని మీద మరమ్మతులు. 2014లో హుద్‌హుద్, 2018లో తిత్లీ ఈ తీరాన్ని ఏం చేశాయో చూసినవారికి ఇంటి పైకప్పు ఖర్చు గురించి వేరే చెప్పనక్కరలేదు. తుపాను వచ్చిన నెలలోనూ వాయిదా తేదీ మారదు.

'భోగాపురం విమానాశ్రయం వస్తోంది, విలువ పెరుగుతుంది' అన్నది మరొక మంత్రం. జాతీయ రహదారి పొడుగునా రంగురంగుల రాళ్ళు పాతిన లేఅవుట్లన్నీ ఆ మంత్రజపమే. విలువ పెరగవచ్చు. కాని కాపురం ఉండే ఇంటి విలువ పెరిగితే గృహస్థుడికి కలిగే లాభమేమిటి? దాన్ని అమ్మితే మళ్ళీ ఇల్లు కావాలి, ఆ ఇంటి విలువా పెరిగే ఉంటుంది. అమ్మడానికే కొన్నది గృహం కాదు, పణ్యం. వ్యాపారానికి ఋణం తీసుకొనేవాడు వ్యాపారినని ఒప్పుకొని లాభనష్టాలు బేరీజు వేసుకోవచ్చు. దానికి గృహస్థధర్మమని పేరు పెట్టనవసరం లేదు.

మరికొందరు వైదికభాషలోనే సమర్థిస్తారు. మనిషి పుట్టుకతోనే ఋణి కదా, దేవఋణం, ఋషిఋణం, పితృఋణం ఉన్నాయి కదా, వాటితో పాటు ఇదొకటి అంటారు. ఇంతకంటె అపవ్యాఖ్యానం మరొకటి ఉండదు. తైత్తిరీయసంహిత చెప్పిన ఆ మూడు ఋణాలు యజ్ఞంతో, బ్రహ్మచర్యంతో, సంతానంతో తీరేవి. వాటికి కావలసిన ముఖ్యద్రవ్యం ధనం కాదు, కాలం. పూజకు కాలం, స్వాధ్యాయానికి కాలం, పిల్లల పెంపకానికీ తల్లిదండ్రుల సేవకూ కాలం. గృహఋణం ముందుగా హరించేది దానినే. ఉద్యోగం నచ్చకపోయినా మానలేడు. తండ్రికి పక్షవాతం వచ్చినా దీర్ఘకాలం సెలవు పెట్టలేడు. ఊళ్ళో తక్కువ జీతానికి దొరికే కొలువు స్వీకరించలేడు. మూడు నెలలు వాయిదా ఆగితే ఆ ఖాతా నిరర్థక ఆస్తి అవుతుంది. ఆ తరువాత 2002 నాటి సర్ఫేసీ చట్టం కింద 60 రోజుల నోటీసు, ఆపైన గృహస్వాధీనం. న్యాయస్థానంలో దావా వేయవలసిన పని కూడా బ్యాంకుకు లేదు. నాలుగవ ఋణం మొదటి మూడింటినీ తీరనివ్వదు. వాటి సరసన దాన్ని కూర్చోబెట్టడం శాస్త్రానికి అపచారం.

తండ్రి ఋణం కుమారుడు తీర్చాలన్న పాత ధర్మబంధాన్ని 2005 హిందూ వారసత్వ సవరణ చట్టం, ఆ తరువాత చేసిన అప్పుల విషయంలో తొలగించింది. కేవలం ఆ కారణం మీద కుమారుణ్ణి పట్టుకోవడం ఇక సాధ్యం కాదు. కాని తాకట్టు ఇంటిని అంటిపెట్టుకొని ఉంటుంది. ఇల్లు కావాలనుకున్న కుమారుడు బాకీని కూడా స్వీకరించాలి. సహఋణగ్రస్తుడిగా సంతకం చేసి ఉంటే చట్టం మార్చినదేమీ లేదు, అతడు ఎలాగూ బద్ధుడే.

అయితే ఇల్లు కట్టుకోవద్దా? శాస్త్రం ఋణాన్ని నిషేధించలేదు. అలా నిషేధించి ఉంటే దాని మీద అంత పెద్ద ప్రకరణం ఉండేదే కాదు. కాని ముహూర్తానికి సిద్ధాంతిని, ఈశాన్యానికి వాస్తుపండితుణ్ణి, సింహద్వారపు కొలతకు అంగుళాలతో సహా వడ్రంగిని సంప్రదించే కుటుంబం, 240 గడుల వాయిదాల పట్టికను ఒక్క సాయంత్రం కూర్చొని చదవకపోవడం ఏ ఆచారం? శంకుస్థాపనకు ముందు ఇంటి పెద్ద కుమారుణ్ణి అడగవలసినది 'నెలకెంత?' అని కాదు. 'మొత్తమెంత? ఎక్కడ ఉండి కడతావు? ఎన్నేళ్ళకు తిరిగి వస్తావు?' అని. మూడవ ప్రశ్నకు జవాబు లేకపోతే రెండు గదులు తగ్గించుకోవచ్చు, పై అంతస్తు మానుకోవచ్చు, ఉన్న పెంకుటింటినే బాగుచేసుకోవచ్చు.

ఇప్పటికే సంతకం చేసినవారికి ఒక దారి మిగిలి ఉంది. వ్యక్తులు తీసుకున్న ఫ్లోటింగ్ గృహఋణాన్ని ముందుగా తీర్చినందుకు జరిమానా వేయరాదని రిజర్వు బ్యాంకు 2012లోనే నిర్దేశించింది. పైన చెప్పిన 25 లక్షల ఇరవైయేళ్ళ ఋణంలో ఏడాదికి పన్నెండు వాయిదాలకు బదులు పదమూడు చెల్లిస్తూ, ఆ పదమూడవదాన్ని అసలుకే జమ చేయమని రాతపూర్వకంగా కోరితే, ఋణం పదహారు సంవత్సరాల ఎనిమిది నెలల ప్రాంతంలో తీరుతుంది. మిగిలే వడ్డీ సుమారు 5 లక్షలు. మిగిలే ప్రవాసం మూడు సంవత్సరాల నాలుగు నెలలు. గృహప్రవేశపు విందుకు, వీడియోలకు, వచ్చిన బంధువులందరికీ పెట్టే బట్టలకు అయ్యే ఖర్చుతో ఆ పదమూడవ వాయిదాలు ఎన్ని చెల్లించవచ్చో లెక్కవేయడానికి సిద్ధాంతి అక్కరలేదు.